ప్రమాణం అయ్యేదాకా

ఢిల్లీలో ఉన్న అన్నకు ఫోన్ చెయ్యబోతున్న సంధ్యారాణి చేతిలోంచి తల్లి అండాలమ్మ ఫోన్ లాక్కుంది.

"ఎవ్వరికి చేస్తున్నవ్?"

"అన్నకే. బాపు పోయిండని చెప్పొద్దా?"

"చెప్పొద్దు. మాపటికి ప్రమాణం అయ్యేదాక చెప్పొద్దు."

మంచం మీద తండ్రి అంతయ్య కళ్లు మూసుకుని ఉన్నాడు. ఆక్సిజన్ గొట్టం అప్పుడే తీసేశారు. ఎల్బీనగర్‌లోని ఆ ఆస్పత్రి గదిలో తల్లీకూతుళ్లు, డాక్టర్ సీతామహాలక్ష్మి తప్ప ఇంకెవరూ లేరు.

కొడుకు లింగస్వామి ఎంపీ. వాళ్లది ముగ్గురు ఎంపీలున్న చిన్న పార్టీ. కేంద్రంలో కొత్త ప్రభుత్వానికి మద్దతిచ్చినందుకు ఆ ముగ్గురిలో ఒకరికి సహాయ మంత్రి పదవి అన్నారు. ఎవరికన్నది చివరికి ప్రధాని ఇష్టం. ఉదయం ప్రధాని ఇంటికి తేనీటికి రమ్మని ఎవరికి ఫోన్ వస్తే, సాయంత్రం రాష్ట్రపతి ముందు ప్రమాణం చేసేది వాళ్లే. లింగస్వామి తండ్రిని వదిలి వెళ్లనంటే, అంతయ్యే చెయ్యి ఊపి పొమ్మన్నాడు.

కన్న కొడుక్కు తండ్రి చావు దాచడం పాపమంది సంధ్యారాణి. చెబితే వాడు క్షణం కూడా ఢిల్లీలో నిలవడని, చావు అంటులో ఉన్నవాడు ప్రమాణం చెయ్యడని, ఈ పూట తప్పితే ఆ కుర్చీ మిగిలిన ఇద్దరిలో ఒకరికి పోతుందని అండాలమ్మ వాదించింది.

"మీ బాపు బత్తాయి మార్కెట్ల మూటలు మోసి వాన్ని సదివిచ్చిండు. ఆయన పానమెట్లన్న పాయె. ఆయన ఆశ గూడ పోవాల్నా?"

సంధ్యారాణి డాక్టరమ్మ వైపు చూసింది.

డాక్టరమ్మ చాలాసేపు ఆలోచించింది. "సాయంత్రం వరకు గదిలోనే ఉంచుదామండీ. ఎవర్నీ రానివ్వకుండా నేను చూసుకుంటాను. కానీ రేపు మీ అబ్బాయి అడిగితే ఏం చెప్తారో అదీ ఆలోచించుకోండి" అని తలుపు దగ్గరికి వేసి వెళ్లింది.

భర్త పోతే పది మంది వినేలా శోకం పెట్టే మనిషి అండాలమ్మ. ఆ రోజు గొంతు పెగలనివ్వలేదు. చంపాపేట నుంచి చూడటానికొచ్చిన చుట్టాలను తలుపు బయటే ఆపి, డాక్టరమ్మ ఎవ్వర్నీ పోనిస్తలేదని చెప్పి పంపేసింది. సంధ్యారాణి ఏడుపు ఆపుకోలేనప్పుడల్లా బాత్రూంలోకి వెళ్లి, శబ్దం బయటికి వినపడకుండా నల్లా తిప్పుకుంది.

మధ్యాహ్నం లింగస్వామే ఫోన్ చేశాడు.

"అమ్మా, బాపు ఎట్లున్నడు?"

అండాలమ్మ గొంతు సవరించుకుంది. "పండుకున్నడు బిడ్డా."

లింగస్వామి గొంతు తగ్గించాడు.

"ఫోన్ వచ్చిందమ్మా. నన్ను మంత్రిని చేస్తుండ్రు. ప్రమాణం అయ్యేదాక ఎవ్వరికి చెప్పొద్దన్నరు. బాపు చెవిల మాత్రం ఇప్పుడే చెప్పు. మెలకువ లేకున్నా చెప్పు."

"చెప్త బిడ్డా."

ఫోన్ పెట్టేసి ఆమె భర్త మీదికి వంగింది. చల్లబడిన చెవికి నోరు ఆనించి, "ఇన్నవా, మన లింగడు మంత్రి అయితుండు" అంది. ఆయనకు వినపడలేదేమోనన్నట్టు ఇంకోసారి చెప్పింది. సంధ్యారాణి మళ్లీ నల్లా తిప్పుకుంది.

సాయంత్రం గదిలో టీవీ పెట్టారు. వాళ్ల పార్టీ నుంచి ఇంకో ఎంపీ పేరు వినిపిస్తోందని ఏదో ఛానల్‌లో స్క్రోలింగ్ వస్తుంటే సంధ్యారాణి గాబరా పడింది. వాడే నోరార చెప్పినంక టీవీవాళ్లదేమున్నదని తల్లి కొట్టిపారేసింది.

ముందు ప్రధాని ప్రమాణం చేశాడు. ఆ తర్వాత కేబినెట్ మంత్రులు ఒక్కొక్కరే లేచారు. అన్న వంతు ఇప్పుడే రాదని, వీళ్ల తర్వాత స్వతంత్ర హోదా సహాయ మంత్రులు, చివరికి మామూలు సహాయ మంత్రులు వస్తారని కూతురు చెప్పింది. ఏ శాఖ ఇస్తారని తల్లి అడిగింది. ఇవాళ ప్రమాణమే, శాఖలు తర్వాత ప్రధాని పంచుతాడంది సంధ్యారాణి. ఏ శాఖైతేనేం అనుకుని, అండాలమ్మ భర్త చెయ్యి పట్టుకుని కూర్చుంది.

సహాయ మంత్రులు మొదలయ్యారు. ఒక పేరు పిలవగానే వాళ్ల పార్టీ ఎంపీ లేచి మైకు దగ్గరికి నడిచాడు. అది లింగస్వామి కాదు. తర్వాత తన కొడుకే కావచ్చని అండాలమ్మ కళ్లార్పకుండా చూసింది. ఆ తర్వాత కూడా కొడుకు పేరు రాలేదు. అందరూ లేచి నిలబడ్డారు. జనగణమన మొదలైంది.

సంధ్యారాణి టీవీ ఆపేసింది. తెల్లవారుజామున పోయిన మనిషిని పొద్దంతా ఏడ్పు లేకుండా పడుకోబెట్టింది ఇందుకా అనుకుంది అండాలమ్మ. ఢిల్లీవాళ్లు తన బిడ్డను పిలిచి మోసం చేశారనుకుంది. ఆమె గుండెలో ఆపుకున్నదంతా ఒక్కసారి పైకి ఎగదన్నుతుండగా ఫోన్ మోగింది.

"అమ్మా, టీవీ చూసిన్రా?" అన్నాడు లింగస్వామి. "నాకసలు ఏ ఫోన్ రాలేదమ్మా. నా పేరు లేదని పొద్దుగాలనే తెలిసింది. పానం ఉండంగనే బాపు ఆ ఒక్క మాట ఇనాలని అబద్ధం చెప్పిన. ఇప్పుడే శంషాబాద్ల విమానం దిగిన, వస్తున్న. బాపుకు మాత్రం చెప్పకమ్మా."