ఆలిచిప్పల కరకర

"మీరు బయట కూర్చోండి," అని, ఆమె చేతివంట పరీక్షించడానికి ఇంటికొచ్చిన హోటలు పెద్ద వంటాయన ఆమె భర్తను ముందుగదిలోకి పంపించి, వంటగది తలుపు దగ్గరగా వేశాడు.

భర్త అక్కడ నిలబడింది చేతిసాయానికి కాదు, రుచి చూడటానికి. ఆ మధ్య వచ్చిన జ్వరం తగ్గింది గానీ, పోతూ పోతూ ఆమె ముక్కునీ నాలుకనీ వెంట తీసుకుపోయింది. ఉప్పైనా పంచదారైనా నోట్లో ఇసకే. ఆ సంగతి మూడో మనిషికి తెలీదు. భర్త తల గోక్కుంటే ఉప్పు తక్కువని, మీసం దువ్వితే సరిపోయిందని ఇద్దరూ గుర్తులు కూడా అనుకున్నారు. ఇప్పుడా మీసం తలుపవతల ఉండిపోయింది.

పెద్దాయన తను తెచ్చిన ఆలిచిప్పల బుట్ట గట్టు మీద పెట్టి, ముక్కాలిపీట మీద కూర్చున్నాడు. బాగా కుదిరితే తన పక్కన రెండో వంటమనిషిగా తీసుకుంటానని ముందే చెప్పాడు.

ఇక గత్యంతరం లేదు. ఆమె ఒక్కో చిప్పనీ వేలితో తట్టింది. నోరు తెరుచుకుని ఉన్నవి తట్టగానే మూసుకోవాలి. ఒకటి మూసుకోలేదు. ఇంకొకటి మూసుకున్నట్టే ఉంది గానీ నమ్మకం కలగలేదు. వాసన చూసే దారి లేదు కాబట్టి రెండూ చెత్తబుట్టలో పడేసింది. మిగతావి మొండికత్తితో తెరిచి, మాంసం తీసి, గుడ్డ మీద పరిచి తడి అద్దింది. మైదాలో దొర్లించి, గిలక్కొట్టిన గుడ్డులో ముంచి, బ్రెడ్డు పొడి పట్టించింది. ఉప్పు మాత్రం చేతికున్న అలవాటుకే వదిలేసింది.

పెనంలో నూనె కాగింది. ముక్కలు వెయ్యగానే చిటపటమన్నాయి. ఆ చప్పుడు నెమ్మదించేదాకా ఆగి తిరగేసింది. రంగు తేనెలా మారగానే తీసి, పళ్ళెంలో పెట్టి ఆయన ముందుంచింది.

ఆయన ఒకటి కొరికాడు. కరకరమన్న శబ్దం ఆమెకు కూడా వినిపించింది. రెండోది తిన్నాడు, మూడోది తిన్నాడు. పైన పెళుసుగా, లోపల వెన్నలా ఉందనీ, ఇలాగే ఉండాలనీ అన్నాడు. "సోమవారం నుంచి పనిలోకి రండమ్మా."

ఆమెకు పోయిన ప్రాణం లేచొచ్చింది. కొంగుతో మొహం తుడుచుకుని నవ్వింది. కానీ ఆ నవ్వు పెదాల మీద నిలవలేదు. ఇవాళంటే రెండు చిప్పలు పారేసి గట్టెక్కింది. రేపు హోటల్లో వందమందికి వండేటప్పుడు పాడైన చేప ఒక్కటి చెయ్యి దాటిపోతే?

ఆమె పొయ్యి ఆపేసింది. "సార్, మీరు వేరే మనిషిని చూసుకోండి. నాకు రుచీ వాసనా తెలీవు."

ఆయన తింటున్న ముక్క పళ్ళెంలో పెట్టేశాడు. అలాంటప్పుడు ఇదంతా ఎలా చేశారని అడిగాడు. ఉప్పు చేతికొలతతో వేశానని, వేగిందీ లేనిదీ చెవితో విన్నానని, అనుమానం వచ్చినదల్లా పారేశానని చెప్పింది. తిట్లకు సిద్ధపడి తల దించుకుంది.

"ముక్కున్నవాడు ముక్కును నమ్ముకుని ఒక్కోసారి మోసపోతాడు," అన్నాడాయన. "అనుమానం వస్తే పారేసేవాడు మోసపోడు. నేను చెప్పిన మాటలో మార్పేం లేదు. సోమవారం వచ్చేయండి."

ఆమెకు ఏడుపొచ్చినంత పనైంది. తన మీద నుంచి బండెడు బరువు దింపినట్టుంది. "మీది పెద్ద మనసు సార్. పోనీ, రుచి మీరు చూసి చెబుతూ ఉంటే నేను సర్దుకుంటాను."

పెద్దాయన తలుపు వైపు ఓసారి చూసి, గొంతు తగ్గించాడు.

"అదే కదమ్మా చిక్కు. నా నాలుక పోయి చాలా ఏళ్ళయింది. ఇన్నాళ్ళూ నాకు రుచి చూసి పెట్టినావిడ పోయిన నెల పని మానేసింది, అందుకే ఒక మంచి నాలుక కోసం ఇల్లిల్లూ తిరుగుతున్నాను."