దాచుకున్న నిమిషాలు

గోడ గీత సగంలో ఉండగానే కంప్యూటర్ మళ్లీ బిగుసుకుపోయింది.

అతను ఇళ్ల ప్లాన్లు గీసే డ్రాఫ్ట్స్‌మన్. కూతురు పోయి పన్నెండు రోజులైంది. కాంట్రాక్టర్ పొద్దున్నుంచి మూడుసార్లు ఫోన్ చేశాడు. ప్రతిసారీ ముందు అయ్యో పాపం అన్నాడు, తర్వాత ప్లాన్ ఎప్పుడిస్తారని అడిగాడు.

అతను మెకానిక్‌కి ఫోన్ కలిపాడు.

"మిషన్ పాతబడిపోయిందేమోనయ్యా."

"మిషన్‌కేం కాలేదు సార్. పాప ఆడేటప్పుడు పెట్టుకున్న గేమ్ రికార్డింగ్ వెనకాల నడుస్తూనే ఉంది. మీ డ్రాయింగ్‌ని కూడా ఆటే అనుకుని రికార్డ్ చేసేస్తోంది."

"ఎలా ఆపాలి?"

"సెట్టింగ్స్‌లో గేమింగ్ ఉంటుంది. అందులో క్యాప్చర్స్. జరిగింది రికార్డ్ చేయాలా అని ఒక స్విచ్ కనిపిస్తోందా? దాన్ని ఆఫ్ చేసేయండి."

చేశాడు.

"పాత క్లిప్పులు కూడా ఉంటాయి సార్. చోటు తినేస్తాయి. ఓసారి చూసుకుని తీసేయండి."

"ఆడినవన్నీ ఉంటాయా?"

"అన్నీ ఉండవు సార్. దానంతటదే చెరిపేసుకుంటూ పోతుంది. బటన్ నొక్కితేనే చివరి రెండు మూడు నిమిషాలు మిగులుతాయి. పాప కావాలని దాచుకున్నవే ఉంటాయి."

నలభై ఒకటి ఉన్నాయి.

మూడేళ్ల కిందట కారు ప్రమాదంలో వెన్ను దెబ్బతిని పిల్లకు నడుము కింద చచ్చుబడిపోయింది. అప్పటి నుంచి మంచం, కిటికీ, మధ్యాహ్నం రెండు గంటలు నాన్న కంప్యూటర్. పద్నాలుగేళ్ల పిల్ల లోకం అంతే.

మొదటి క్లిప్పు తెరిచాడు.

కొండ మీదికి ఒక బొమ్మ పరుగెత్తుతోంది. అది అతని కూతురు. చాలా వెనక ఇంకో బొమ్మ నింపాదిగా నడిచి వస్తోంది. దాని తల మీద పేరు ఉంది. తాబేలు.

మౌస్ మీద అతని చెయ్యి ఆగిపోయింది.

ఆ పేరు అతనికి తెలుసు. నెల కిందట కూతురు పగలబడి నవ్వుతుంటే అనుమానమొచ్చి అడిగాడు.

"ఎవడే వాడు? ఏ ఊరు? వయసెంత?"

"తెలీదు నాన్నా. మంచివాడు."

"ముక్కూమొహం తెలియనివాడితో నీకేం నవ్వులు?"

కీబోర్డు లాక్కుని, 'ఇంకోసారి మా పిల్ల జోలికొస్తే పోలీసులకు పట్టిస్తా' అని రాసి, వాణ్ణి బ్లాక్ చేశాడు. పిల్ల ఏడవలేదు. గోడ వైపు తల తిప్పుకుంది. మళ్లీ కంప్యూటర్ అడగలేదు.

రెండో క్లిప్పులో ఆమె గొంతు గలగలలాడింది.

"తాబేలూ, జీపు దొరికింది! ఎక్కి నడుపు!"

అవతలివాడు మాట్లాడలేదు. తెర మీద అక్షరాలు పడ్డాయి.

'నేను నడపను తల్లీ.'

"అయితే పక్కన కూర్చో. నేను నడుపుతా."

జీపు చెట్టుకు గుద్దుకుంది. ఆమె ఒకటే నవ్వు.

ఆ నవ్వు విని, చేతిలో తడిగుడ్డతోనే భార్య పరుగెత్తుకొచ్చింది. ఎవరు, ఏమిటి అని అడగలేదు. అతని కుర్చీ పట్టుకుని నిలబడింది.

ఇంకో క్లిప్పులో రెండు బొమ్మలూ కొండ అంచున కూర్చుని ఉన్నాయి.

"ఇవాళ ఊపిరి ఆడటం లేదు. ఆడలేను."

'అమ్మకు చెప్పావా?'

"చెబితే ఏడుస్తుంది."

'ఏడవనీ. ఇప్పుడే పిలువు. నువ్వు పిలిచేదాకా నేను కదలను.'

కాసేపు గాలి చప్పుడు. తర్వాత కూతురి గొంతు.

"అమ్మా! ఓసారి రా!"

భార్య నోటికి గుడ్డ అడ్డం పెట్టుకుంది.

"ఆ రోజే కదండీ ఆసుపత్రికి పరుగెత్తాం. ఇంకో గంటయితే దక్కేది కాదన్నాడు డాక్టరు."

అతను తల ఊపాడు.

"మొన్న మాత్రం ఆయాసాన్ని మూడు రోజులు దాచిపెట్టింది," అంది ఆమె. "చెప్పమని పోరేవాడు లేడుగా."

ఆమె అతన్ని నిందించాలని అనలేదు. అయినా అతను తల ఎత్తలేకపోయాడు.

చివరి క్లిప్పు అతను బ్లాక్ చేసిన రోజుకు ముందురోజుది.

"నువ్వెవరో నాకు తెలుసు," అంటోంది కూతురు.

'ఎవరు?'

"చెప్పను. చెబితే నువ్వు రావడం మానేస్తావ్."

తెర ఆగిపోయింది.

అతను వెతికి వెతికి బ్లాక్ తీసేశాడు. ఒక్కో అక్షరమే కొట్టాడు.

'మా పాప లేదు. పన్నెండు రోజులైంది. మీరెవరో తెలియక నోటికొచ్చినట్టు రాశాను. క్షమించండి. ఒక్కసారి మా ఇంటికి రండి.'

జవాబు వెంటనే వచ్చింది.

'తెలుసండీ. పాపను సాగనంపిన రోజు మీ వీధి మలుపులోనే నిలబడ్డాను.'

'అంత దూరం వచ్చి లోపలికి ఎందుకు రాలేదు?'

ఈసారి అవతల రాస్తున్నట్టు చుక్కలు కదిలాయి. ఆగాయి. చాలాసేపటికి మళ్లీ కదిలాయి.

అతని కళ్లకు అక్షరాలు అలుక్కుపోయాయి. భార్య ముందుకు వంగి పైకి చదివింది.

'ఆ కారు నడిపింది నేనే కదా. మళ్లీ గడప తొక్కితే కాళ్లు విరగ్గొడతానన్నావు కదా, బావా.'