వరుసగా

తన చదువు చెడగొట్టింది మీరా సాహెబ్ మాస్టారేనని దైవాధీనం ఊరందరికీ చెప్పేవాడు.

ఏడో తరగతిలో ఆయన బోర్డు మీద ఒక లెక్క రాశారు. సీమోను, బాబూరావు యాభై మామిడికాయల్ని వరుసగా 2:3 నిష్పత్తిలో పంచుకున్నారు. ఎవరికెన్ని?

"సీమోనుకి ముప్ఫై అండీ," అన్నాడు దైవాధీనం.

"ఎలా?"

"ముందు పేరు వాడిది. వరుసకి అన్న. అన్నకి పెద్ద వాటా కదండీ."

"బావామరుదుల వరుస కాదురా ఇది," అని మాస్టారు నవ్వారు.

క్లాసంతా నవ్వింది.

మర్నాటి నుంచి దైవాధీనం బడికి వెళ్లలేదు. తండ్రి వెనక పొలంలోకి దిగాడు.

ఉన్న నాలుగున్నర ఎకరాల్లో సగం చవుడు. ఏళ్ల తరబడి కాలవ మట్టి మోసి దాన్ని మాగాణి చేశాడు. తమ్ముడు విల్సన్ బందరులో చదువుకున్నాడు.

అందుకే తండ్రి పోయేముందు ఇద్దర్నీ కూర్చోబెట్టి చెప్పాడు. పెద్దాడికి మూడు పాళ్లు, చిన్నాడికి రెండు.

కాగితం రాయించడానికి అన్నదమ్ములు అవనిగడ్డ వచ్చారు.

దస్తావేజులు రాసే మధుసూదనరావు తన అరుగు మీద కూర్చుని చదివి వినిపించాడు. "విల్సన్, దైవాధీనం వరుసగా రెండు, మూడు పాళ్లు..."

"పెద్దవాణ్ణి నేనుండగా వాడి పేరు ముందేమిటండీ?"

"అంతేగా. మారుస్తాను."

పేర్లు రెండూ కొట్టేసి అటుది ఇటు, ఇటుది అటు రాశాడు.

విల్సన్ కాగితం చూశాడు. జేబులోంచి కలం తీశాడు.

అరుగు కింద గొడుగుతో ఒక తెల్లగడ్డం పెద్దాయన నిలబడి ఉన్నాడు.

"పేర్లు తిప్పితే అంకెలూ తిప్పాలి బాబూ."

"తమరెవరండీ?"

"దారినపోయేవాణ్ణి. ఆ 'వరుసగా' అన్న మాట చూసుకో. ముందు పేరుకి ముందు అంకె. నీకు రెండే వస్తాయి."

"వరుసకి అన్నని నేను. మూడు నావే. మా నాన్న చెప్పిన మాట."

"కాగితానికి మీ నాన్న తెలీదు కదా నాయనా."

"మా ఇంటి పంపకాలు తమకెందుకు? తమకూ ఓ పాలు రాయమంటారా?"

అరుగు మీదున్నవాళ్లంతా నవ్వారు.

పెద్దాయన నవ్వలేదు. సంతకమయ్యేదాకా అలాగే నిలబడి, వెళ్లిపోయాడు.

కోతలయ్యాక కరణం పొలం కొలిచి పంచడానికి గొలుసు వేయించాడు. అది సరిగ్గా దైవాధీనం మట్టి మోసిన నేల మీదుగా వెళ్లింది.

"నీకు తెలుసు కదరా విల్సనూ."

"కాగితంలో ఉన్నదే కదన్నయ్యా. పేరు ముందు వేయించుకుంది నువ్వేగా."

ఆ రోజు తన తరఫున మాట్లాడిన మనిషి ఒక్కడే. దైవాధీనం అవనిగడ్డ పరిగెత్తాడు. ఆ అరుగు ఎదురుగా బస్సులు ఆగేచోట కిళ్లీకొట్టు పెట్టుకున్న ఇమామ్ సాహెబ్‌ని ఆ తెల్లగడ్డం పెద్దాయన గురించి అడిగాడు.

"ఆయనా? పోయిన నెల చనిపోయారయ్యా."

"ఎవరాయన?"

"నీకు తెలీదా? ఆ రోజు బందరు బస్సెక్కి కూర్చున్నవారు, అరుగు మీద మీ మాటలు విని, నిన్ను చూసి దిగిపోయారు. బస్సు పోతుందండీ అన్నాను. 'వాడు నా క్లాసులో లెక్క సగంలో లేచిపోయాడు, మిగతాది చెప్పొస్తా' అన్నారు. 'నా పేరు చెబితే వినడు' అని కూడా అన్నారు."

దైవాధీనం తిరిగొచ్చి కొత్త గట్టు మీద కూర్చున్నాడు.

మీరా సాహెబ్ మాస్టారు రెండుసార్లు చెప్పిన లెక్క గట్టుకి అవతల ఉంది, తొంభై సెంట్లు.