హరూరు చిన్నిల్లు

పులుసుకు చింతపండు పిసుకుతున్న సౌభాగ్యం చేతికున్న బంగారు గాజు ఉన్నట్టుండి రాగి గాజైపోయింది. పైపూత ఊడిపోయి, లోపలి రాగి చింతపండు పులుపుకు తోమినట్టు తళతళలాడింది.

సౌభాగ్యం పొయ్యి మీది కుండను అట్లే వదిలేసి బీరువా తెరిచింది. గొలుసు, కమ్మలు, వంకీలు అన్నింటికీ చింతపండు రుద్ది చూసింది. పుట్టింటివాళ్ళు పెట్టిన బంగారమంతా కవరింగ్ నగలుగా మారి కూర్చుంది.

బయటి దొంగయితే బీరువా పగలగొడతాడు కానీ, పోయినదానికి బదులు నగలు పెట్టి పోడు. పైగా ఆ తాళంచెవి ఉండేది మొగుడి మొలతాడుకే.

ఆ మొగుడు దొరసామికి ధర్మపురిలో చింతపండు మండీ. డెబ్బై ఎనిమిదిలో మిద్దె ఇల్లు కట్టి, గృహప్రవేశానికి వచ్చిన వాళ్ళందరికీ విస్తరి విస్తరి దగ్గర ఒకే మాట వడ్డించాడు, "ఒక్క పైసా అప్పు లేకుండా కట్టినాను!" అని. తొమ్మిదేళ్ళుగా ఆ మాటా, ఆ మీసమూ కిందికి దిగలేదు. అప్పు చేసి ఇల్లు కట్టే వాళ్ళను చూస్తే ఆయనకు ఎక్కడ లేని నవ్వు.

సౌభాగ్యం చిన్నాన్న కొడుకు వేడియప్పన్‌ను పిలిపించింది. వాడు హరూరు బస్సులో కండక్టరు. ఎవరు ఎక్కడ దిగేదీ వాడికి తెలియకుండా పోదు.

"బావ ప్రతినెలా ఒకటో తేదీ నా బస్సులోనే హరూరు పోతాడక్కా," అన్నాడు వాడు.

"యాడికి?"

వేడియప్పన్ చెవి గోక్కున్నాడు. "తెలుగులో చెప్పేదా, అరవంలో చెప్పేదా?"

"ఏ దాంట్లో అయినా చెప్పి చావురా!"

"చిన్నవీడు."

అరవంలో చెప్పినంత మాత్రాన చిన్నిల్లు మేనమామ ఇల్లు అయిపోదు. సౌభాగ్యం గోడకు చేరబడింది.

"పేరు ధనం అంట. ఊరంతా తెలుసక్కా. ఆ సంగతి తెలిసినప్పట్నించీ మండీలో బావకు మర్యాద కూడా పెరిగింది."

"నీకెవురు చెప్పినార్రా?"

"బస్సుకు టైమైపోయింది," అని వాడు మాయమయ్యాడు.

ఒకటో తేదీ వచ్చింది. దొరసామి బయలుదేరిన బస్సు వెనక బస్సులో సౌభాగ్యం ముసుగు వేసుకొని ఎక్కింది. సంచిలో కొత్త చీపురు. తన నగలు ఆ ధనం ఒంటి మీద ఎట్లా ఉంటాయో ఊహించుకుంటూ దారి పొడుగునా పళ్ళు నూరింది.

హరూరు బస్టాండు వెనక వీధిలో ఒక గుమ్మం ముందు మొగుడి చెప్పులు కనిపించాయి. సౌభాగ్యం చీపురు తీసి లోపలికి దూకింది.

లోపల ధనం ఉంది. డెబ్బై ఏళ్ళ ముసలమ్మ. పళ్ళు లేక ఆకూవక్కా రోట్లో దంచుకుంటోంది. ఆమె ఎదుట నేల మీద, పైగుడ్డ ఒళ్ళో పెట్టుకొని, చేతులు కట్టుకొని దొరసామి. ఆ మీసం అంత కిందికి దిగగలదని సౌభాగ్యానికి అప్పుడే తెలిసింది.

ముసలమ్మ తల ఎత్తలేదు. "వడ్డి కట్టేదానికి వచ్చినావా? వరసలో కూచో."

"ఏం వడ్డి? నేను ఈయన పెండ్లాన్ని!"

"ఓహో, ఇల్లు మీదేనా తల్లీ? నాకాడ అడమానంలో ఉండాది గదా."

"మా ఇల్లు తాకట్టా?"

"పదైదు వేలు. నూటికి రెండు రూపాయిలే వడ్డి. నెలకు మూడు నూర్లే గదా అని నవ్వుతా సంతకం పెట్టినాడు. తొమ్మిదేండ్లల్లో ముప్పైరెండు వేలు కట్టినాడు, పాపం. నడమ నడమ నిలిచిపోతే నీ నగలు తెచ్చిచ్చినాడు."

సౌభాగ్యానికి కొంచెం ఊపిరి వచ్చింది. "రెండింతలు కట్టేసినాడంటే, తీరిపోయినట్టే గదా?"

ముసలమ్మ బోసినోటితో హాయిగా నవ్వింది. "అదంతా వడ్డికే సరిపోయింది. అసలు పదైదు వేలూ కదలకుండా అట్లనే కూచోనుండాది. వెంకటేశ్వరసామికే కుబేరుని అప్పు ఇంకా తీరలేదే, మీ ఆయనకేం తొందర?"

చీపురు చేతిలోనే ఉంది. ఎవరిని కొట్టాలో తోచలేదు. తొమ్మిదేళ్ళు తాను పసుపు రాసిన గడప ఈ ముసలిదాని ఆకూవక్కల ఖర్చుకు పనికొచ్చిందని తలుచుకుంటే సౌభాగ్యానికి దుఃఖం ఆగలేదు. సవతి కనబడి ఉంటే ఇంత ఏడ్చేది కాదు, రెండు దెబ్బలు వేసి ఊరుకునేది.

ఇద్దరూ బస్టాండుకు వచ్చారు. అక్కడ ఆమె ముక్కు చీది, కళ్ళు తుడుచుకుంది.

"పోనీలే. బంగారం పోయినా మనిషి పోలేదు. నీకు చిన్నిల్లు ఉండాదని ఊరంతా వాగతా ఉండారు. ఇప్పుడే పోయి అదంతా అబద్ధమని మొదట వేడియప్పన్‌కు, ఆ మీద మండీలో నలుగురికీ చెప్తాను."

దొరసామి ముఖం తెల్లబోయింది. అంతమంది చూస్తుండగా బస్టాండులోనే ఆమె కాళ్ళ మీద పడ్డాడు.

"అంత పని చెయ్యొద్దు! పరోటా తినిపించి ఆ మాట వేడియప్పన్‌తో ఊర్లో చెప్పించింది నేనే సౌభాగ్యం. చిన్నిల్లు ఉండాదంటే మొగోడంటారు, పెద్దిల్లు అడమానంలో ఉండాదంటే నాకు మానం ఉంటుందా!"