పడవలో రెండో గొంతు

భూర్జ చెట్టుకు తాళ్లతో కట్టిన లౌడ్‌స్పీకర్ సరస్సు వైపు నోరు తెరుచుకుని ఉంది.

పడవలో రాణి వేషంలో ఇర్మెలి. ఎదురుగా తెడ్లు పట్టుకుని, చెలికత్తె వేషంలో సైయా. ఒపేరాలో ఇర్మెలి వెనక బృందగానం పాడే పిల్ల.

పాటలన్నీ మార్చిలోనే హెల్సింకి స్టూడియోలో రికార్డయ్యాయి. ఇప్పుడు ఆ ఒపేరానే టీవీ సినిమాగా తీస్తున్నారు, పాటకి పెదవులు కలిపితే చాలు.

కానీ ఇరవై మూడేళ్ల పాటల జీవితంలో ఇర్మెలి ఎప్పుడూ ఉత్తి పెదవులు ఆడించలేదు. లౌడ్‌స్పీకర్‌తో పాటు తనూ పాడుతుంది. మెడనరం కదలకపోతే అబద్ధం తెలిసిపోతుందంటుంది.

మార్చిలో ఈ పాట చివరి పైస్వరం గొంతులో నిలవలేదు. మళ్లీ పాడతానంటే దర్శకుడు ఆర్మాస్ వద్దన్నాడు.

"చాల్లే, సరిపోయింది. ఇంటికెళ్లి పడుకో."

ఈ పొద్దున కాఫీ దగ్గర, సౌండ్ చూసే తౌనో ఒక్క జోకూ వేయలేదు.

"ఏం తౌనో, దోమలు నీ నాలుక కూడా కొరికేశాయా?"

అతను కప్పు కడుక్కునే వంకతో లేచిపోయాడు.

"రెడీ!"

పాట మొదలైంది. ఇర్మెలి పాడింది. చివరి స్వరం దగ్గర ఊపిరి అయిపోయింది.

స్వరం అయిపోలేదు.

ఆమె నోరు మూసింది. నీళ్ల మీద లౌడ్‌స్పీకర్‌లోని గొంతు ఇంకా సాగుతూనే ఉంది, నున్నగా, అలుపు లేకుండా.

"కట్! నోరెందుకు మూశావ్ ఇర్మెలీ?"

"అది నాది కాదు."

గట్టు మీద తౌనో తల వంచుకుని టేపు వెనక్కి తిప్పుతున్నాడు.

"ఒక్క స్వరమే కదా," అన్నాడు ఆర్మాస్. "ఎవరికి తెలుస్తుంది? ఇంకోసారి చేసేద్దాం. అదిగో, మబ్బు దగ్గరికొచ్చేసింది."

పొద్దుటి నుంచీ సైయా తన కళ్లలోకి చూడలేదని ఇర్మెలికి అప్పుడు తట్టింది.

"నువ్వేనా?"

"అచ్చం మీలాగే పాడమన్నారు, ఇర్మెలి గారూ. ఇన్నేళ్లూ మీ వెనకే నిలబడ్డాను కదా, వచ్చేసింది."

"ఆ ఒక్క స్వరమేనా?"

సైయా తెడ్డు నీళ్లలోకి దించింది.

"ముందు అంతే అన్నారు. తర్వాత పిలిచి రెండో అంకం అంతా పాడించారు. మూడోదానికి సోమవారం రమ్మన్నారు."

"రెడీ!" గట్టు మీంచి ఆర్మాస్ కేక.

లౌడ్‌స్పీకర్ గరగరలాడింది.

ఇర్మెలి గడ్డం ఎత్తి నోరు తెరిచింది. ఈసారి ఊపిరి పీల్చుకోలేదు.

గట్టు మీద ఎవరూ తేడా కనిపెట్టలేదు.