నిజం కాదు, నిజం కాదు

నా మగ్గం మీద ఒక కథ నేస్తే, మిగతా లోకాలన్నిట్లోనూ ఇక అది అలాగే జరుగుతుంది. ఇక్కడ జరిగిపోయినదాన్ని మాత్రం మగ్గం మార్చలేదు.

సెర్వా అక్క వచ్చి ఎదురుగా కూర్చుంది. ఆమె కూతురు డూఫీ నీళ్లకెళ్లి ఏట్లో కొట్టుకుపోయిన వరద ఇంకా తగ్గనే లేదు.

"డూఫీ కథ నెయ్యి తమ్ముడూ."

పోగుని అటూ ఇటూ నడిపే నాడెని పక్కన పెట్టేశాను. "వద్దక్కా. నేస్తే ప్రతి లోకంలోనూ పిల్ల మునుగుతుంది. ఎక్కడో ఒకచోటైనా బతకనీ."

"నీకన్నా నీ నాడె నయం. చెప్పింది వింటుంది. కానియ్యి."

మా అసాంటే తెగవాళ్లలో ఏ కథైనా 'చెప్పేది నిజం కాదు, నిజం కాదు' అనే మొదలుపెట్టాలి. ఆ మాట లేనిదే మగ్గం కదలదు. పోయిన కూతురి గురించి ఏ తల్లి అలా అనగలదులే అని ధైర్యంగా ఉన్నాను.

"చెప్పేది నిజం కాదు, నిజం కాదు," అంది సెర్వా.

నాడె కదిలింది.

"డూఫీ ఏటి నుంచి ఆలస్యంగా వచ్చింది. కుండ పగలగొట్టుకుని మరీ వచ్చింది. వాళ్లమ్మ నోరు నొప్పెట్టేదాకా తిట్టింది. తర్వాత వేరుశనగ పులుసు పోసి ఫుఫు ముద్ద పెట్టింది. మళ్లీ అడిగి పెట్టించుకుని తింది పిల్ల."

నేసిన పట్టీ కోసి ఆమె చేతికిచ్చాను.

"అన్నిచోట్లా ఇంటికొచ్చేసిందా?"

"వచ్చేసిందక్కా."

సెర్వా ఆ పట్టీని చెంపకి ఆనించుకుంది.

"అయితే ఇక డూఫీ లేని అమ్మని నేనొక్కదాన్నే," అంది. "ఒక్కదాన్నే కదా. పర్లేదులే."