కొన కోసిన కాయ

జాడీ మూత తీసి కాయను పట్టుకోగానే నవీన ముఖం వాడిపోయింది. కాయ వేళ్ల మధ్యే నలిగిపోయింది.

ఊరేసిన కాయ ఇలా మెత్తబడటం ఇది మూడో జాడీలో.

వేలెడంత ఉండగానే కోయాల్సిన గెర్కిన్ దోసకాయలు లావెక్కాయని, కొనాల్సిన కంపెనీవాళ్లు తోటలోనే వదిలేసి వెళ్లారు.

"దున్నేస్తా పాపా, ఇంగేం చేసేది?" అన్నాడు నాయన మునిరత్నం.

"ఒక్క వారం ఆగు నాయనా."

ఆదివారం తిరుపతిలో ఊరగాయల పోటీ. మొదటి బహుమతి వచ్చినవాళ్ల ఊరగాయను ఒక పెద్ద హోటల్‌వాళ్లు ఏడాది పొడవునా తీసుకుంటారు. ఘాటైన వాసనుండే సోయికూర ఆకు వేసిన తియ్యటి గెర్కిన్ ఊరగాయతో గెలవాలని నవీన పట్టుదల.

మళ్లీ సోయికూర కోసం పలమనేరు సంతకు వెళ్లింది. గోనెపట్టా మీద కూర్చున్న ముసలావిడ దగ్గరున్న కట్టలన్నీ ఇమ్మంది.

"ఇంత ఆకు ఎందుకు పాపా?"

"గెర్కిన్ ఊరగాయకు అవ్వా. తిరుపతి పోటీలో పెడతా ఉండా."

కట్టలు అందిస్తున్న చెయ్యి క్షణం ఆగింది.

"కాయ మెత్తబడతా ఉండాదా?"

నవీన ఉలిక్కిపడింది. "నీకెట్ల తెలిసె?"

"కొన కోసినావా? తొడిమ కొన కాదు, పూత రాలిన కొన. మెత్తబరిచేది అదే. సన్నంగా కోసి పారెయ్. రాత్రంతా ఉప్పునీళ్లలో ఉంచు. పొద్దున వెనిగర్లో చక్కెర మరగబెట్టి కాయల మీద పొయ్. ఆకుతో పాటు సోయి గింజలు గూడా ఎయ్."

"వీడియోల్లో ఎవురూ చెప్పలేదే!"

"వాళ్లు సూపిస్తారు. తినేది మనం గదా!"

గింజల పొట్లం ఊరికే చేతిలో పెట్టింది. బస్సు కదులుతోందని పేరైనా అడక్కుండా నవీన పరుగెత్తింది.

నాలుగు రోజులు ఊరాక కాయ కొరికింది.

"ఏం పాపా, అప్పడాలు ఏంచినావా?" పక్క గదిలోంచి అడిగాడు నాయన.

ఆదివారం న్యాయనిర్ణేత ఒక ముక్క నమిలి, ఏమీ రాయకుండానే ఇంకో ముక్క తీసుకుంది.

"మొదటి బహుమతి... నవీన!"

మునిరత్నం కుర్చీలోంచి ఎగిరి లేచి ఈల వేశాడు.

"తోటలో ఇంకా కాయలున్నాయా?" అని అడిగాడు హోటల్ మేనేజరు.

"అన్నీ ఉండాయి సార్. ఒక్క సాలు గూడా దున్నలేదు!" అన్నాడు మునిరత్నం.

నవీనకు ఏడుపూ నవ్వూ కలిసి వచ్చాయి. రేపే సంతకు వెళ్లి అవ్వ కాళ్లకు దండం పెట్టాలనుకుంది.

"రెండో బహుమతి, వరసగా మూడేళ్లు ఇక్కడ మొదటి బహుమతి గెలుచుకున్న మదార్‌బీ!" అని మైకులో పిలవగానే, నవీన కోసం కొడుతున్న చప్పట్లు ఆపకుండానే, జనంలోంచి లేచి వచ్చింది సోయికూర అవ్వ.